నంబరు ప్లేటుకు లెక్క చెప్పండి

మోటారు సైకిల్ ధర ఎంత అని షోరూంలో అడిగితే రెండు జవాబులు వస్తాయి. ఒకటి ఎక్స్ షోరూం, రెండోది ఆన్ రోడ్. రెంటికీ మధ్య వేల రూపాయల తేడా ఉంటుంది. ఆ తేడాలో ఏమేం ఉన్నాయని అడిగితే మాత్రం ఒక్క జవాబూ సరిగా రాదు. 'అన్నీ కలిపి సార్' అంటారు. ఆ 'అన్నీ' ఏమిటో తేల్చుకుందామనే ఈ వారం ఈ మాట ఎత్తుకున్నాం.

నీళ్ల గురించి, కొలువుల గురించి రాసే చోట బండి నంబరు గోల ఏమిటని కొందరు మిత్రులు అనుకోవచ్చు. అనుకోనివ్వండి. జీతం అందిన పదో తారీఖుకే జేబు తడుముకునే చిన్న ఉద్యోగికి, అప్పు చేసి బండి కొనిచ్చిన తండ్రికి ఇది గోల కాదు. ప్రభుత్వం సామాన్యుడి దగ్గర ఒకేసారి ఇంత పెద్ద మొత్తం పన్నుగా తీసుకునే సందర్భం మరొకటి చూపించండి. ఇంటి పన్ను ఏడాదికోసారి వస్తుంది, నీటి తీరువా పంటకోసారి వస్తుంది. బండి పన్ను మాత్రం బండి బతుకంతటికీ ముందుగానే గుంజేస్తారు. దాని పేరే లైఫ్ ట్యాక్స్.

నెల్లూరు జిల్లా సంగం సంగతే చూద్దాం. పెన్న ఒడ్డున, నెల్లూరు నుంచి ఆత్మకూరు వెళ్లే దారిలో ఉన్న మండల కేంద్రం అది. 2022 సెప్టెంబరు 6న సంగం బ్యారేజీ ప్రారంభమైంది. అంతకుముందు నది దాటాలంటే బ్రిటిష్ కాలం నాటి ఆనకట్టే దిక్కు. వరదొస్తే అదీ లేదు. ఇప్పుడు అవతలి ఒడ్డుకు మంచి దారి పడింది. కానీ దారి పడినంత మాత్రాన బస్సు రాదు కదా! పాలు పోయడానికి పోయే రైతు, మందు డబ్బాలు తెచ్చుకునే కౌలుదారు, నెల్లూరు కాలేజీకి పోయే విద్యార్థి, ఆత్మకూరులో కొలువు చేసే గుమాస్తా, తెల్లవారకముందే చేపల బుట్ట కట్టుకుని ఊళ్ల మీద పడే చిరు వ్యాపారి, వీళ్లందరికీ బండే బస్సు, బండే బతుకు. ఎక్సెల్ బండి మీద వడ్ల మూట, ఆ మూట మీద మనిషి కూర్చుని పోవడం ఈ దారిలో ఎవరూ వింతగా చూడరు. ఇలాంటి బండిని విలాస వస్తువుగా చూసి పన్ను వేసే పాలకులకు ఊరి దారులు తెలియవనే అనుకోవాలి.

లెక్కకు వద్దాం. 125 సీసీ బండి ఒకటి, ఎక్స్ షోరూం ధర 90,000 రూపాయలు అనుకుందాం. ఆంధ్రప్రదేశ్‌లో 2021 చివర్లో శాసనసభ ఆమోదించిన సవరణతో యాభై వేలు దాటిన ద్విచక్ర వాహనానికి లైఫ్ ట్యాక్స్ 12 శాతమైంది. అంటే 10,800 రూపాయలు. కేంద్ర నిబంధనల ప్రకారం రిజిస్ట్రేషన్ ఫీజు 300. కార్డుకు 200. అప్పు మీద కొంటే ఆ సంగతి ఆర్సీలో రాసినందుకు 500. అయిదేళ్ల థర్డ్ పార్టీ బీమా, 2022 జూన్ 1 నుంచి అమలైన రేటు ప్రకారం 3,851. దాని మీద 18 శాతం జీఎస్టీతో కలిపి 4,544. అన్నీ కూడితే 16,344 రూపాయలు. దీని పైన సొంత నష్టం బీమా, బండి నడిపే మనిషికి ప్రమాద బీమా ఉంటాయి. అంతకు మించి ఒక్క రూపాయి అడిగినా అది చట్టం అడుగుతున్నది కాదు, ఇంకెవరో అడుగుతున్నది.

ఈ 16,344లో మూడింట రెండు వంతులు లైఫ్ ట్యాక్సే. 2025-26లో ఆంధ్రప్రదేశ్‌లో ఉపాధి హామీ కూలి రోజుకు 307 రూపాయలు. 10,800 అంటే ఎండలో 35 రోజులు మట్టి తవ్విన కూలి. బండి ఇంకా షోరూం గడప దాటలేదు, పెట్రోలు చుక్క పడలేదు, అప్పుడే 35 రోజుల కూలి సర్కారు ఖాతాలో పడిపోయింది.

పన్నే వద్దని మేం అనడం లేదు. రోడ్లు గాల్లోంచి ఊడిపడవు. కానీ పన్ను వేసే తీరులో న్యాయం ఉందా లేదా అని అడిగే హక్కు కట్టేవాడికి ఉంది. యాభై వేల లోపు బండికి 9 శాతం, యాభై వేలు దాటితే 12 శాతం. వినడానికి పేదవాడిని కనికరించినట్టే ఉంది. కాగితం మీద లెక్కేసి చూడండి. 49,900 రూపాయల బండికి పన్ను 4,491. దానికన్నా రెండు వందలు ఎక్కువున్న 50,100 రూపాయల బండికి 6,012. రెండు వందల తేడాకు పదిహేను వందల ఇరవై ఒక్క రూపాయల దెబ్బ! ఆదాయపు పన్నులో పరిమితి దాటిన సొమ్ము మీదే పెద్ద శాతం వేస్తారు, దాటని సొమ్ము జోలికి పోరు. బండి పన్నులో మాత్రం గీత దాటావా, మొత్తానికీ పెద్ద శాతమే. ఆదాయపు పన్ను పద్ధతి ఇక్కడ పాటిస్తే ఆ 50,100 బండికి పన్ను 4,512 దగ్గర ఆగేది. ఇందులో అర్థం కాని ఆర్థిక శాస్త్రమేమీ లేదు. ఏడో తరగతి పిల్లవాడు చేసే శాతాల లెక్క.

అయినా యాభై వేల లోపు ఏం బండి వస్తుంది? మోపెడ్ తప్ప పెట్రోలు మోటారు సైకిల్ దొరకడం గగనం. ధరలు ఏటా పెరుగుతుంటే గీత అక్కడే ఉంటే, కనికరం కాస్తా కాగితానికే పరిమితమవుతుంది. కార్ల సంగతి కూడా ఒక్క మాట. అయిదు లక్షల లోపు 13, పది లక్షల దాకా 14, ఇరవై లక్షల దాకా 17, ఆపైన 18 శాతం. పాతిక లక్షల కారు కొన్నాయన 18 కడుతుంటే, పాలబ్బాయి మోటారు సైకిల్‌కు 12 కడుతున్నాడు. ఇద్దరి మధ్య తేడా ఆరు శాతమేనా? తెలంగాణ కూడా 2022లో లైఫ్ ట్యాక్స్ పెంచింది. రాష్ట్రాలు రెండైనా ఖజానా బుద్ధి ఒక్కటే.

ఇక పన్ను మీద పన్ను సంగతి. లైఫ్ ట్యాక్స్‌ను ఇన్వాయిస్ ధర మీద లెక్కగడతారు. ఆ ధరలో జీఎస్టీ అప్పటికే కలిసి ఉంటుంది. 90,000 బండిలో 18 శాతం జీఎస్టీ వాటా 13,729 రూపాయలు. కేంద్రానికి, రాష్ట్రానికి పోయే ఆ సొమ్ము మీద మళ్లీ 12 శాతం అంటే 1,647 రూపాయలు. మనం వస్తువు మీద కట్టింది కాదది, పన్ను మీద కట్టిన పన్ను. 2025 సెప్టెంబరు 22 నుంచి 350 సీసీ లోపు బండ్ల మీద జీఎస్టీ 28 నుంచి 18కి తగ్గింది కాబట్టి ఈ భారం ఇప్పుడు కొంత నయం. పాత లెక్కన ఇదే బండి 97,627 అయ్యేది, లైఫ్ ట్యాక్స్ 11,715 పడేది. ఢిల్లీలో పన్ను తగ్గిస్తే ఇక్కడి పన్ను 915 రూపాయలు దానంతటదే తగ్గింది. అంటే ఇన్నాళ్లూ ఢిల్లీ పన్ను ఎక్కువగా ఉండడం వల్ల ఇక్కడి ఖజానాకు మన జేబులోంచి అదనంగా చేరిందన్నమాట. ఈ ముక్క ఏ మంత్రీ చెప్పగా మేం వినలేదు.

అప్పు మీద కొన్నవాడి గతి ఇంకో రకం. హైపోథికేషన్ అంటారు దాన్ని. ఆర్సీలో ఫైనాన్స్ కంపెనీ పేరు ఎక్కించడానికి మోటారు సైకిల్‌కు 500, కారుకు 1,500, లారీకి 3,000. బండి రిజిస్ట్రేషన్ ఫీజే 300 అయినప్పుడు, ఒక్క పేరు ఎక్కించడానికి 500 ఎందుకో చెప్పగలవాళ్లు లేరు. నగదు ఇచ్చి కొన్న ధనవంతుడికి ఈ ఖర్చు లేదు. అప్పు చేసిన పేదవాడికే ఉంది. వడ్డీ వాడిది, ఫీజు వాడిదే. 2016 డిసెంబరు చివర్లో కేంద్రం ఈ ఫీజులన్నీ ఒక్క దెబ్బన పెంచింది. అంతకుముందు మోటారు సైకిల్ రిజిస్ట్రేషన్ ఫీజు 60 రూపాయలే. అది అయిదింతలైంది. నోట్ల రద్దు గందరగోళంలో జనం బ్యాంకుల ముందు వరసలు కట్టి ఉన్న రోజులవి, ఎవరూ పట్టించుకోలేదు.

ఇప్పటిదాకా చెప్పినది చట్టం అడిగే సొమ్ము. చట్టం అడగనిది మరో కథ. హ్యాండ్లింగ్ చార్జీలంటారు, లాజిస్టిక్స్ అంటారు, ఆర్టీవో చార్జీలంటారు, ఎసెన్షియల్ కిట్ అంటారు. మోటారు వాహనాల చట్టంలో గానీ, కేంద్ర నియమాల్లో గానీ హ్యాండ్లింగ్ చార్జీ అనే మాటే లేదు. ఆర్టీవో చార్జీ కింద రౌండు అంకె ఒకటి వేస్తారు. అందులో పన్ను ఎంత, ఫీజు ఎంత, ఎవరి చేతి ఖర్చు ఎంత అన్నది విడదీసి రాయరు. రశీదు అడిగితే అదోలా చూస్తారు. బీమా తమ దగ్గరే చేయించుకోవాలంటారు. బయట తక్కువకు వచ్చే పాలసీ తెస్తే బండి డెలివరీ తేదీ వెనక్కి పోతుంది. హెల్మెట్‌కు డబ్బు అడుగుతారు. ద్విచక్ర వాహనం అమ్మేటప్పుడు బీఐఎస్ ప్రమాణాలున్న హెల్మెట్‌ను తయారీదారే సరఫరా చేయాలని కేంద్ర మోటారు వాహనాల నియమాల్లో 138వ నియమం స్పష్టంగా చెబుతోంది. ఈ నియమం గురించి ఎంతమంది కొనుగోలుదారులకు తెలుసు? తెలియనివ్వకపోవడమే వ్యాపారం.

షోరూంల వాళ్లందరినీ దొంగలనడం మా ఉద్దేశం కాదు. వాళ్లకూ ఖర్చులుంటాయి, ఉద్యోగులకు జీతాలివ్వాలి. సేవకు సొమ్ము తీసుకుంటే తీసుకోండి, కానీ దానిని సర్కారు ఫీజు ముసుగులో తీసుకోవద్దు. అమెరికాలో టెక్సాస్ రాష్ట్రంలో మన తెలుగువాళ్లు చాలామంది ఉన్నారు. అక్కడా కారు అమ్మే డీలరు కాగితాల పనికని ఒక ఫీజు వేస్తాడు. అయితే అది ప్రభుత్వ ఫీజు కాదనీ, చట్టం దానిని తప్పనిసరి చేయలేదనీ కొనేవాడికి ఇచ్చే ఒప్పంద పత్రం మీదే రాసి ఇవ్వాలని అక్కడి చట్టం చెబుతుంది. అమ్మకపు పన్ను 6.25 శాతం, ఏటా రిజిస్ట్రేషన్‌కు 50.75 డాలర్లు, ఏది దేనికో విడివిడిగా కనబడుతుంది. అమెరికాలో అంతా బాగుందని కాదు, ఈ ఒక్క కాగితం మాత్రం బాగుంది. అలాంటి నాలుగు వాక్యాలు తెలుగులో అచ్చు వేయించి నెల్లూరు షోరూం గోడకు అంటించడానికి ఎంత ఖర్చవుతుంది?

ప్లేటు సంగతి చెప్పకుండా ఈ కథ ముగియదు. హై సెక్యూరిటీ నంబరు ప్లేటు పుట్టుక 2001లో. కేంద్ర నియమాల్లో 50వ నియమాన్ని ఆ ఏడాది సవరించారు. అల్యూమినియం రేకు, అశోక చక్రం హోలోగ్రాం, లేజరుతో చెక్కిన అంకెలు, విప్పితే విరిగిపోయే తాళం. దొంగ బండ్లను, దొంగ నంబర్లను అరికట్టడానికని చెప్పారు. ఉద్దేశం మంచిదే. టెండర్ల గొడవలు సుప్రీంకోర్టు దాకా పోయాయి. 2004లో కోర్టు ఈ పథకాన్ని సమర్థించింది. అయినా రాష్ట్రాలు కదల్లేదు. 2011, 2012లలో మళ్లీ సుప్రీంకోర్టు గట్టిగా మందలిస్తే తప్ప పని మొదలు కాలేదు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 2013 డిసెంబరులో మొదలైంది. అంటే నియమం పుట్టిన పన్నెండేళ్లకు. ద్విచక్ర వాహనానికి 245, ఆటోకు 282, కారుకు 619, లారీకి 649 రూపాయలు రేటు కట్టారు. డబ్బు ముందే కట్టించుకున్నారు. ప్లేటు కోసం తిరిగిన వాళ్లు తిరిగారు, విసిగిపోయి రోడ్డు పక్క స్టిక్కర్ల దుకాణంలో మామూలు ప్లేటు రాయించుకున్న వాళ్లు రాయించుకున్నారు. ఒకే ప్లేటుకు రెండుసార్లు డబ్బు. ఆ పైన సరైన ప్లేటు లేదని పోలీసు చలానా, మూడోసారి.

2019 ఏప్రిల్ 1 నుంచి కేంద్రం ఈ పద్ధతి మార్చింది. కొత్త బండికి ప్లేటు తయారీదారే ఇవ్వాలి, దాని ఖర్చు బండి ధరలోనే కలిసి ఉండాలి, డీలరు బిగించి ఇవ్వాలి. కాబట్టి కొత్త బండి కొనేవారు 'నంబరు ప్లేటు చార్జీ' అని బిల్లులో వేరే గీత కనబడితే అక్కడే ఆగి, ఇదెందుకని అడగాలి. దొంగ నంబర్లు ఆగాయా అంటే, ఒకరి బండి నంబరుతో మరొకరు తిరిగితే అసలు యజమాని ఫోనుకు చలానాలు రావడం ఆగలేదన్నది అందరికీ తెలిసిన సంగతే.

అంకెల సరదా గురించి ఒక చిన్న మాట. సంగం బండి అంటే ఒకప్పుడు ఏపీ 26. నెల్లూరు బండి ఎక్కడ కనబడినా 'మనోళ్లది' అని గుర్తుపట్టేవాళ్లు. 2019 జనవరి నుంచి ఆంధ్రప్రదేశ్ అంతటికీ ఏపీ 39 అన్నారు. శ్రీకాకుళం బండీ ఏపీ 39, అనంతపురం బండీ ఏపీ 39. హైదరాబాద్‌లో, చెన్నైలో దారి పక్కన ఏపీ 26 చూసి పలకరించుకునే ముచ్చట పోయింది. దీని వల్ల ఖర్చేమీ పెరగలేదు గాని, నంబరు అంటే ఉత్త అంకె కాదని, దానిలో ఊరు ఉంటుందని చెప్పడానికే ఇది రాస్తున్నాం. ఆ సంగతి ఈ పత్రిక పాఠకులకు వేరే చెప్పనక్కరలేదు. ఏపీ అక్షరాలు చెరిపి టీజీ అని సొంత చేతులతో రాసుకుని, చలానాకు జంకకుండా తిరిగిన కుర్రవాళ్లను మనం చూశాం.

ఇప్పుడు అసలు నొప్పి దగ్గరికి వద్దాం. రాష్ట్రం దాటిన బండి. 1988 మోటారు వాహనాల చట్టం 46వ సెక్షను ఒక చోట చేసిన రిజిస్ట్రేషన్ దేశమంతటా చెల్లుతుందంటుంది. ఆ వెంటనే 47వ సెక్షను, పన్నెండు నెలలకు మించి మరో రాష్ట్రంలో ఉంచితే అక్కడి నంబరు తీసుకోవాలంటుంది. 48వ సెక్షను, అందుకు పాత చోటు నుంచి ఎన్‌ఓసీ తెచ్చుకోవాలంటుంది. ఈ మూడు సెక్షన్ల మధ్య నలిగిపోతున్నది ఎవరు? సంగం నుంచి హైదరాబాద్‌కు కోచింగ్‌కు పోయిన విద్యార్థి. బెంగళూరులో చిన్న కొలువు దొరికిన ఇంజనీరు. చెన్నైకి బదిలీ అయిన బ్యాంకు గుమాస్తా. బండికి జీవితకాలపు పన్ను కట్టేశాను కదా అంటాడు వాడు. కట్టావు నాయనా, కానీ అది ఆ రాష్ట్రపు జీవితకాలం, ఈ రాష్ట్రంలో మళ్లీ పుట్టాలి అంటారు వీళ్లు.

దీనికి మూలం రాజ్యాంగంలో ఉంది. వాహనాల మీద పన్ను ఏడో షెడ్యూలులో రాష్ట్ర జాబితా 57వ అంశం. ఆ పన్నులు ఏ సూత్రాల మీద వేయాలన్నది ఉమ్మడి జాబితా 35వ అంశం. అంటే పన్ను రాష్ట్రానిదే అయినా, సూత్రం చెప్పే అధికారం కేంద్రానికీ ఉంది. రాష్ట్రాల హక్కులకు మేం అడ్డు చెప్పం. రాష్ట్రాల హక్కుల కోసం గొంతెత్తిన పత్రిక అలా చెప్పదు కూడా. కానీ ఒకే బండికి ఒకే కాలానికి రెండు రాష్ట్రాలు పన్ను తీసుకోవడం ఏ హక్కు కిందా రాదు. బండి శాశ్వతంగా వెళ్లిపోతే మిగిలిన ఏళ్ల పన్ను తిరిగి ఇచ్చే ఏర్పాటు పన్ను చట్టాల్లో ఉంది. ఎంతమంది తీసుకున్నారు? కొత్త రాష్ట్రంలో ముందు కట్టాలి, నంబరు తెచ్చుకోవాలి, ఆ రుజువులతో పాత రాష్ట్రానికి దరఖాస్తు పెట్టాలి. రెండు ఊళ్ల మధ్య తిరిగే చార్జీలు, పోయిన సెలవులు లెక్కేసుకుని చాలామంది ఆ సొమ్మును దేవుడి హుండీలో వేసినట్టు వదిలేస్తారు. అప్పు మీద ఉన్న బండి అయితే ఫైనాన్స్ వాళ్ల అనుమతి కావాలి, పెండింగు చలానాలుంటే అవి కట్టాలి.

కర్ణాటక ఇంకో అడుగు ముందుకేసింది. బయటి రాష్ట్రం బండి ముప్పై రోజులు దాటి ఉంటే లైఫ్ ట్యాక్స్ కట్టాలని 2014లో చట్టం సవరించింది. బెంగళూరు దారుల్లో ఏపీ, టీఎస్ నంబర్ల బండ్లు ఆపి వేలల్లో కట్టించుకున్న రోజులవి. 2016లో కర్ణాటక హైకోర్టు ఆ సవరణను కొట్టేసింది. కేంద్ర చట్టం పన్నెండు నెలలన్నప్పుడు మీరు ముప్పై రోజులనడం కుదరదని తేల్చింది. పాఠకులు ఈ సంగతి గుర్తుంచుకోవాలి. ఎక్కడైనా రోడ్డు మీద ఆపి నెల దాటిందని బెదిరిస్తే, ఏడాది గడువు చట్టంలోనే ఉందని చెప్పాలి. అయితే బండి ఎప్పుడు ఆ రాష్ట్రంలోకి వచ్చిందో చూపే కాగితం, పెట్రోలు బిల్లో, టోల్ రశీదో, రైలులో బండి పంపిన పార్శిల్ చీటీయో దగ్గర ఉంచుకోవాలి.

తెలంగాణలో 2014లో జరిగింది కూడా చెప్పుకోవాలి. జూన్ 2న రాష్ట్రం ఏర్పడింది, ఆ నెలలోనే టీఎస్ కోడ్ వచ్చింది. పాత ఏపీ నంబర్లన్నీ టీఎస్‌కు మార్చుకోవాలని రవాణా శాఖ అంది. సంతోషంగా మార్చుకుంటామన్నవాళ్లూ ఉన్నారు, ఖర్చు మా నెత్తిన ఎందుకన్నవాళ్లూ ఉన్నారు. వ్యవహారం హైకోర్టు దాకా పోయింది. చివరికి బలవంతంగా మార్పించడం జరగలేదు. ఏపీ 09, ఏపీ 28 బండ్లు ఇప్పటికీ హైదరాబాద్‌లో తిరుగుతూనే ఉన్నాయి. 2024 మార్చిలో టీఎస్ పోయి టీజీ వచ్చినప్పుడు పాలకులు ఆ పాఠం గుర్తుంచుకున్నారు. కొత్త బండ్లకే కొత్త కోడ్, పాతవి మార్చనక్కరలేదని మొదటే చెప్పారు. ఉత్తరాఖండ్ 2007లో యూఏ నుంచి యూకేకు, ఒడిశా 2012లో ఓఆర్ నుంచి ఓడీకి మారాయి. అక్షరం మారడం ప్రజల ఆత్మగౌరవానికి సంబంధించినది, దానికి ఖర్చు మాత్రం ప్రభుత్వం భరించాలి. ఇది అప్పుడూ మా మాట, ఇప్పుడూ అదే.

రాష్ట్రాలు మారే ఉద్యోగులకని కేంద్రం 2021 సెప్టెంబరులో బీహెచ్ సిరీస్ తెచ్చింది. పన్ను రెండేళ్లకోసారి కట్టొచ్చు, నంబరు మార్చనక్కరలేదు. బాగుంది. ఎవరికి? కేంద్ర, రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగులకు, ప్రభుత్వ రంగ సంస్థల వాళ్లకు, నాలుగు రాష్ట్రాల్లో గానీ అంతకన్నా ఎక్కువ చోట్ల గానీ కార్యాలయాలున్న ప్రైవేటు కంపెనీల ఉద్యోగులకు. మేస్త్రీ పనికి హైదరాబాద్ పోయిన సంగం కూలీకి లేదు. కోచింగ్ పిల్లవాడికి లేదు. డెలివరీ బ్యాగు తగిలించుకుని బెంగళూరు సందులు తిరిగే కుర్రవాడికి లేదు. ఎవరు ఎక్కువగా ఊళ్లు మారతారో వాళ్లకే లేదు. బదిలీ ఉత్తర్వు ఉన్నవాడి కష్టం సర్కారుకు కనబడింది, పొట్ట చేతపట్టుకుని పోయేవాడి కష్టం కనబడలేదు.

పాత బండ్ల గతీ చూడండి. రిజిస్ట్రేషన్ పదిహేనేళ్లకు ముగుస్తుంది. ఆ తర్వాత కొనసాగించాలంటే మోటారు సైకిల్‌కు 300 ఉన్న ఫీజు 2022 ఏప్రిల్ 1 నుంచి వెయ్యి అయింది. ఇరవై ఏళ్లు దాటితే 2025 ఆగస్టు నుంచి రెండు వేలు. ఆలస్యమైతే నెలకు 300 అదనం. గ్రీన్ ట్యాక్స్ వేరే. పొలం గట్టు దాకా పోయి వచ్చే పాత ఎక్సెల్‌ను అమ్మితే వచ్చేదెంత? ఏడాది ఆలస్యానికే 3,600. బండి విలువను ఫీజు మింగేస్తుంది. పొగ తగ్గాలనే వాళ్లతో మాకు పేచీ లేదు. పొగ పరీక్ష చేయండి, పాసైతే వదిలేయండి. వయసు చూసి కాదు, పొగ చూసి వేయండి.

ఆటోవాళ్లకు 2019లో వాహన మిత్ర పేరిట ఏటా పది వేలు, 2025 అక్టోబరు నుంచి 'ఆటో డ్రైవర్ల సేవలో' పేరిట పదిహేను వేలు ఇస్తున్నారు. బీమాకు, ఫిట్‌నెస్‌కు, మరమ్మతులకు అని చెప్పే ఇచ్చారు. అంటే ఆ ఖర్చులు మోయలేనంత ఉన్నాయని సర్కారే ఒప్పుకుంది. మరి సొంత బండి మీద కూరగాయలమ్మే మనిషి?

2020 సెప్టెంబరులో ఆంధ్రప్రదేశ్‌లో పెట్రోలు మీద లీటరుకు రూపాయి రోడ్డు సెస్సు వేశారు. రోడ్ల కోసమని లైఫ్ ట్యాక్స్, రోడ్ల కోసమని సెస్సు. ఏ రోడ్డుకు ఎంత ఖర్చయిందో మండలం వారీగా చూపితే జనం అడగకుండానే నమ్ముతారు.

యాభై వేల గీతను లక్షకు పెంచాలి, గీత దాటిన సొమ్ము మీదే పెద్ద శాతం వేయాలి. జీఎస్టీ కలవని ధర మీద లైఫ్ ట్యాక్స్ లెక్కగట్టాలి. ద్విచక్ర వాహనాలకు హైపోథికేషన్ ఫీజు రద్దు చేయాలని రెండు రాష్ట్రాల ఎంపీలూ పార్లమెంటులో అడగాలి. రాష్ట్రం మారిన బండికి మిగిలిన పన్నును యజమాని చేతికివ్వడం కాదు, రెండు ఖజానాలూ తమలో తాము సర్దుకోవాలి. అన్నీ ఆన్‌లైన్ అయ్యాయని గొప్పలు చెప్పుకునే శాఖలకు అదేమంత పని కాదు. షోరూంలో సర్కారు సొమ్మెంత, షోరూం సొమ్మెంత అన్నది తెలుగులో పెద్ద బోర్డు మీద ఉండాలి.

ఈలోపు పాఠకులు ఒక పని చేయండి. గత రెండేళ్లలో బండి కొన్నవాళ్లు మీ బిల్లు, బీమా కాగితం, పన్ను రశీదు జిరాక్సులు మాకు పంపండి. పేరు, ఫోను నంబరు, బండి నంబరు కనబడకుండా కొట్టేసి పంపండి. ఒకే మోడల్ బండికి నెల్లూరులో ఎంత తీసుకున్నారు, నల్గొండలో ఎంత, కర్నూలులో ఎంత, కరీంనగర్‌లో ఎంత అన్నది పక్కపక్కన పెట్టి అచ్చు వేస్తాం. ఆ కాగితం పట్టుకుని విద్యార్థి సంఘాలు, ఉద్యోగ సంఘాలు రవాణా శాఖ కార్యాలయాలకు పోవచ్చు. బిల్లులు వచ్చే నెలాఖరులోగా అందాలి.